కామసూత్రంలో ఒక మాటకు ఇంకో మాట అడ్డొస్తుంటే

స్త్రీలకు శాస్త్రం అనవసరమని ఒక వాక్యంలో, కావాలని తర్వాతి వాక్యంలో ఉందన్నారు. మీరు పూర్వపక్షాన్ని, అంటే ఖండించడానికి ముందు పెట్టే ఎదుటివాళ్ల వాదాన్ని కూడా, గ్రంథకర్త వాత్స్యాయనుడి మాటగానే చదువుతున్నట్టున్నారు.

1. సూత్రం చివర చూడండి. ‘ఇత్యాచార్యాః’ అంటే పాత ఆచార్యుల అభిప్రాయం. ఔద్దాలకి, బాభ్రవ్యుల పేర్లు వచ్చినా అంతే. ‘ఇతి వాత్స్యాయనః’ అని ఉన్నది ఆయన తీర్పు.

అందరూ దాటేసేది ఈ చివరి ముక్కనే. సంగ్రహాల్లో అది ఎగిరిపోతే రెండూ ఒకరి మాటల్లాగే కనిపిస్తాయి. అందుకే మూలసూత్రాలు కూడా ఉన్న ప్రతి తీసుకోండి.

మీరు చెప్పిన చోటు మొదటి అధికరణం (అంటే గ్రంథభాగం), మూడో అధ్యాయం. స్త్రీలు శాస్త్రం గ్రహించలేరు, వాళ్లకు బోధించడం వ్యర్థం అన్నది ఆచార్యులు. ప్రయోగాన్ని, అంటే ఆచరణను, వాళ్లు గ్రహిస్తారు, ప్రయోగానికి ఆధారం శాస్త్రమే అని వాత్స్యాయనుడు తోసిపుచ్చాడు. ఎంత సూటి జవాబో చూడండి!

2. అప్పటికీ తేలకపోతే యశోధరుడి జయమంగళ వ్యాఖ్య చూడండి.

3. భంగిమలున్న రెండో అధికరణంతో మొదలుపెట్టకండి. మొత్తం ఏడింటిలో అది ఒకటి మాత్రమే. ధర్మార్థకామాల చర్చ మొదటిదాంట్లో ఉంది.