ఆర్టిచోక్‌కి రోజూ నీళ్లు, గుప్పెడు యూరియా వద్దమ్మా

ప్రశ్న: మాది బొబ్బిలి దగ్గర పల్లె. బెంగళూరులో ఉంటున్న మా అబ్బాయి తెచ్చిన ఆర్టిచోక్ (మొగ్గని కూర వండుకునే మొక్క) విత్తనాలతో నారు పోసి, దసరా అయ్యాక పెరట్లో 5 మొక్కలు నాటాను. రోజూ సాయంత్రం పైపుతో తడుపుతున్నాను. 15 రోజులకోసారి మొక్కకి గుప్పెడు యూరియా వేస్తున్నాను. ఆకులు మూరెడు పైనే పెరిగాయి కానీ అంచులు మాడుతున్నాయి, మధ్యాహ్నానికి వాలిపోతున్నాయి. ఒకటి మొదలు కుళ్లి చచ్చిపోయింది. సంక్రాంతి వచ్చేసింది, మొగ్గ జాడ లేదు. ఇంకేం ఎరువు వెయ్యాలి?

జవాబు: ఇంకేమీ వెయ్యొద్దమ్మా. ముందు ఆ యూరియా సంచి మూతి కట్టి పక్కన పెట్టండి. గుప్పెడంటే ఇంచుమించు 50 గ్రాములు, నెలకి రెండుసార్లు అంటే 100. ఈ మొక్కకి నెలకి 10 గ్రాములు, అంటే రెండు టీ చెంచాలు చాలు. తిండి ఎక్కువ తినే మొక్కే, కాదనను, కానీ మీరు పదింతలు పెట్టారు. అంచులు మాడటానికి మొదటి అనుమానం దాని మీదే.

ఇక నీళ్లు. ఒక పని చెయ్యండి, మొక్క మొదలుకి జానెడు దూరంలో బొరిగెతో ఆరంగుళాలు తవ్వి చూడండి. రోజూ పైపుతో పైపైన తడిపే ఎర్ర నేలల్లో నేను తరచూ చూసేది ఏంటంటే, పైన రెండంగుళాలు బురద, దాని కింద పొడి మట్టి, చేత్తో పట్టుకుంటే జారిపోయేంత పొడి. అంటే మొక్క మొదలు ఎప్పుడూ తడిలో నానుతోంది, లోపలికి దిగే వేరేమో దాహంతో ఉంది. అందుకే ఒకే పెరట్లో ఒకటి కుళ్లిపోతుంది, పక్కది వాలిపోతుంది. వాలడం చూసి మనం ఇంకా తడుపుతాం! మధ్యాహ్నం వాలి సాయంత్రానికి లేస్తే అది ఎండ వల్ల, కంగారు పడక్కర్లేదు. తెల్లవారి కూడా వాలి ఉంటే, తవ్వి చూసినప్పుడు కింద కూడా జిగట బురదే ఉంటే, వేరుకి ఊపిరాడట్లేదని అర్థం. ఆ మొక్కకి మట్టి ఆరేదాకా నీళ్లు ఆపండి.

కింద పొడిగా ఉన్న మొక్కలకి మాత్రం మొదలు చుట్టూ మట్టి ఎగదోసి, నిమ్మచెట్టుకి రెండు రింగుల పాదు చేస్తామే, అలా చుట్టూ 3 అడుగుల వెడల్పున చెయ్యండి, నీళ్లు మొదలుకి తగలకుండా రింగులోనే నిలవాలి. మొదటిసారి అరగంటకో బకెట్ చొప్పున మూడు బకెట్లు పొయ్యండి, పేరుకున్న యూరియా కూడా కిందికి దిగిపోతుంది. ఆ తర్వాత వారానికి రెండుసార్లు, ఒక్కోసారి ఒక బకెట్. 3 అడుగుల పాదులో అంగుళం నీళ్లంటే సుమారు 16 లీటర్లు, అంటే మన బకెట్ ఒకటి. ఫిబ్రవరి నుంచి ఎండ ముదిరితే వారానికి మూడు చెయ్యండి. పాదులో మూడంగుళాల మందాన వరిగడ్డి పరిస్తే చాలావరకు పని తగ్గుతుంది, కానీ గడ్డిని మొదలుకి ఆనించొద్దు, జానెడు వదలండి. మొగ్గ పట్టాక మాత్రం తడికి గ్యాప్ రాకూడదు. ఒకరోజు ఎండగట్టి మర్నాడు ముంచితే కాల్షియం మొగ్గ దాకా అందక కొసలు నల్లబడతాయి.

ఎరువు మళ్లీ ఎప్పుడంటే, కొత్తగా వచ్చే ఆకు అంచు మాడకుండా శుభ్రంగా విచ్చుకున్నాక. అప్పుడు మొక్కకి రెండు కిలోలు బాగా చివికిన గత్తం, గుప్పెడు వేపపిండి పాదులో చల్లి పైపైన కలపండి (ఇక్కడ గుప్పెడు ఫర్వాలేదు). పచ్చి పేడ మాత్రం వద్దు. దాని తర్వాత నెలకోసారి ఆ రెండు చెంచాల యూరియా, మొదలుకి దూరంగా, తడి మీద. మొగ్గ కనబడగానే యూరియా ఆపేసి, 10 గ్రాములు సల్ఫేట్ ఆఫ్ పొటాష్ ఇవ్వండి. ఆవు ఉంది, జీవామృతం పోస్తానంటే పొయ్యండి, అది గత్తం బదులు కాదు అంతే.

మొగ్గ సంగతి చెబితే మీకు కోపం రావచ్చు. ఇది మధ్యధరా సముద్రం వైపు మొక్క, మన కుసుమకి చుట్టం. విత్తనంతో పెంచిన మొక్క మొగ్గ తొడగాలంటే 10 డిగ్రీల లోపు చలి కొన్ని రోజులు తగలాలి. అరకు వైపు ఆ చలి దొరుకుతుంది, బొబ్బిలిలో భోగి మంట వేసుకునే తెల్లవారు కూడా అంత చలి నిలబడదు. ఎరువు ఆ చలి లోటు తీర్చలేదు, పైగా యూరియా ఎక్కువైతే ఆకు మీదే పోతుంది. పెద్ద తోటల్లో జిబ్బరెల్లిక్ ఆమ్లం అనే ఎదుగుదల హార్మోన్ పిచికారీ చేసి మొగ్గ తెప్పిస్తారు, నాలుగు మొక్కలకి ఆ టెన్షన్ మీకెందుకు. చలి తక్కువ చాలే రకాలున్నాయి, ఇంపీరియల్ స్టార్ లాంటివి. మీ అబ్బాయిని ప్యాకెట్ మీద రకం పేరు చూడమనండి, అదే అయితే ఆశ ఉంది. వచ్చే ఏడాది విత్తనాల్ని తడి ఇసుకలో కలిపి ఫ్రిజ్ కింది అరలో రెండు వారాలు ఉంచి, ఆగస్టు చివర్లో నారు పొయ్యండి, 4 అడుగుల ఎడంతో ఎత్తు బోదె మీద నాటండి. అక్టోబరు, నవంబరు తుపాన్లకి మన దగ్గర బోదె తప్పనిసరి. చచ్చిన మొక్క చోట మాత్రం మళ్లీ నాటొద్దు.

ఈ ఏడాది ఒక్క మొగ్గ వచ్చినా, పిడికిలంత అయ్యి రేకులు ఇంకా బిగుసుగా ఉన్నప్పుడే రెండు మూడంగుళాల కాడతో కోసెయ్యండి. మన ఎండకి రెండు మూడు రోజులు ఆలస్యం చేశారంటే విచ్చుకుపోతుంది, ఇక కూరకి పనికిరాదు, ఊదా రంగు పువ్వు చూసుకోవడమే.