పంపకాల గురించి అడిగిన మేనల్లుడికి

ఒరేయ్ చిన్నా,

నీ మెసేజ్ చూశాను. "అత్తా, నాన్న ఓపికగా ఉన్నప్పుడే పొలం, ఇల్లు తేల్చేసుకుంటే తర్వాత టెన్షన్ ఉండదు, నువ్వు రిజిస్ట్రేషన్ ఆఫీసులో చేసి రిటైరయ్యావు కదా, ప్రాసెస్ ఏంటో చెప్పు" అన్నావు. ప్రాసెస్‌ది ఏముందిరా, అదేం బ్రహ్మవిద్య కాదు. స్లాట్ బుక్ చేసుకుని, ఆధార్ కార్డులు, ఇద్దరు సాక్షులు, డాక్యుమెంట్ రైటర్‌తో రాయించిన దస్తావేజు పట్టుకుని వస్తే ఒక పూటలో అయిపోతుంది. మా ఆఫీసు బల్ల మీద కూర్చున్న కుటుంబాలని అన్నేళ్లు చూసి నేను చెప్పగలిగేది ఒకటే, కాగితం తర్వాత, ముందు మీ అమ్మానాన్నల్ని రేపు ఎవరు చూసుకుంటారో, ఎలా చూసుకుంటారో తేల్చుకోండి. మనవాళ్లు ఎప్పుడూ ముందు ఎకరాలు తేల్చి, మనుషుల సంగతి దేవుడి మీద వదిలేస్తారు.

మీ తాతయ్య రోజుల్లో ఈ ప్రశ్న అడిగే అవసరమే లేదు. కృష్ణా కాలవ కింద మాగాణి, ఇంటినిండా పిల్లలు, కొడుకులు ఆ పొలం మీదే బతకాలి కాబట్టి తండ్రి మాట వినక తప్పదు, కోడళ్లు వండి పెట్టకా తప్పదు. ఇప్పుడు అందరూ ఉమ్మడి కుటుంబం, ఆప్యాయతలు అని తెగ తలుచుకుంటారు గానీ, నన్నడిగితే అందులో సగం వేరే దారి లేక సర్దుకుపోవడమే. తిండిగింజలూ పెత్తనమూ ముసలితనంలో మంచం పక్కన మనిషీ అన్నీ ఆ పొలంలోంచే వచ్చేవి. మీ నాన్న బ్యాంకు ఉద్యోగంలో చేరాక ఆ ముడి వదులైంది, నువ్వు ఇంజనీరింగ్ చదివి డాలస్ వెళ్లాక పూర్తిగా ఊడిపోయింది. ఆ నాలుగెకరాల కౌలు ఏడాదంతా కలిపినా నీ ఇంటి ఈఎంఐ ఒక నెలదైనా వస్తుందో రాదో. అయినా హక్కు నీదే, అది నీతో పాటు డాలస్ దాకా వస్తుంది. ఆసుపత్రిలో టోకెన్ తీసుకుని కూర్చునే పని మాత్రం ఇక్కడే ఉండిపోయింది, అది గుంటూరులో ఉన్న మీ చెల్లి మీద పడింది.

అందుకే మొదట మాట్లాడాల్సింది మీ చెల్లితో. నాన్నతో కాదు, లాయరుతో కాదు, నాతో అసలే కాదు. నీ మెసేజ్ అంతా రెండుసార్లు చదివాను, అందులో దాని పేరు ఎక్కడా లేదు. నువ్వు కావాలని వదిలేశావని అనను, మన ఇళ్లల్లో ఆడపిల్లకి "పసుపు కుంకుమ కింద ఇచ్చేశాం కదా" అని ఖాతా మూసేసే అలవాటు ఉంది, నీకూ అదే వచ్చింది. మా ఇంట్లో జరిగింది విను. నాకు 1979లో పెళ్లయింది. మీ చిన్నత్తకి 1988లో అయింది. ఎన్టీఆర్ ప్రభుత్వం హిందూ వారసత్వ చట్టానికి తెచ్చిన సవరణ ప్రకారం 1985 సెప్టెంబరు 5 నాటికి పెళ్లి కాని ఆడపిల్లలకి ఉమ్మడి ఆస్తిలో కొడుకులతో సమానంగా వాటా ఉంది. అంటే ఒకే తల్లి కడుపున పుట్టిన అక్కకి లేని హక్కు చెల్లెలికి ఉంది! 1996లో మీ తాతయ్య పంపకాలు చేసినప్పుడు ఆ సంగతి దానికి ఎవరూ చెప్పలేదు, "ఊరికే ఫార్మాలిటీ, సంతకం పెట్టమ్మా" అన్నారు, మంగళగిరి చీర పెట్టారు, హక్కు విడుదల కాగితం మీద సంతకం పెట్టించి సాయంత్రం బస్సెక్కించారు. 2005 సెప్టెంబరు 9 నుంచి దేశమంతా పెళ్లయిందా లేదా అన్న తేడా తీసేశారు, తండ్రి ఆ తేదీకి బతికి ఉండక్కర్లేదని 2020లో సుప్రీంకోర్టు కూడా తేల్చింది. కానీ 2004 డిసెంబరు 20కి ముందే రిజిస్టరైన పంపకాల్ని తిరగదోడడం కుదరదు, కాబట్టి మా సంగతి అయిపోయింది, మీ నాన్న నిశ్చింతగా ఉండొచ్చు. ఆ కాగితం రాయించడానికి మీ నాన్న ఎంత తొందరపడ్డాడో మాత్రం నాకు గుర్తుంది. మీ చిన్నత్త ఇప్పటికీ రాఖీ కడుతుంది, సంక్రాంతికి వస్తుంది, కానీ తర్వాత మీ నానమ్మ మంచాన పడ్డప్పుడు "నన్నెందుకు పిలుస్తారు" అని ఒకే ఒక్కసారి అంది. ఆ మాటకి ఎవరి దగ్గరా జవాబు లేదు.

ఇప్పుడు మీ ఆస్తి. రెండు రకాలు ఉన్నాయి, కలిపెయ్యకు. ఆ నాలుగెకరాలు మీ నాన్నకి తండ్రి నుంచి పంపకంలో వచ్చినవి, కాబట్టి అందులో నాన్నకి, నీకు, మీ చెల్లికి ముగ్గురికీ పుట్టుకతో వాటా ఉన్నట్టే (లాయరు ఒకసారి పాత దస్తావేజు చదివాక ఖాయం చేసుకో, అక్కడ రాసిన ఒక్క వాక్యంతో కథ మారుతుంది). తెనాలిలో ఇల్లు మాత్రం నాన్న సొంత జీతంతో, లోన్ తీర్చి కట్టుకున్నది. అది ఆయనిష్టం, ఎవరికైనా రాసుకోవచ్చు, ఎవరికీ రాయకపోవచ్చు కూడా. ఇంటి గురించి నువ్వు నోరెత్తకుండా ఉంటే మంచిది.

మీ అమ్మ సంగతి చెప్తాను, ఇది కొంచెం ఎక్కువ రాస్తాను, ఎందుకంటే ఎవ్వరూ దీని గురించి మాట్లాడరు. మన దక్షిణాదిలో తండ్రీ పిల్లలూ ఉమ్మడి ఆస్తి పంచుకునేటప్పుడు భార్యకి విడిగా వాటా ఇచ్చే ఆచారం ఎప్పుడో పోయింది. భర్త పోయాక ఆయన వాటాలో పిల్లలతో సమానంగా వస్తుంది, అదీ ఆయన వీలునామా రాయకపోతేనే. అంటే రేపు మీరు ముగ్గురూ మూడు వాటాలు వేసుకుంటే, ఆ ఇంట్లో మీ తాతయ్యకి, నానమ్మకి అన్నం పెట్టి, మీ ఇద్దరినీ పెంచి, ఆ తర్వాత నీ పిల్లల పురిటికి డాలస్ వచ్చి ఆర్నెల్లు చలిలో వంటచేసి పెట్టిన మనిషి పేరు ఏ కాగితంలోనూ ఉండదు. దానికి మీరెవరూ చెడ్డవాళ్లు కానక్కర్లేదు, కాగితం రాసేవాడు అడగడు, ఆవిడ చెప్పదు, అంతే. నేను బల్ల ఇవతలి నుంచి ఎన్నిసార్లు చూశానో, ముసలావిడ గోడవార కుర్చీలో సంచి ఒళ్లో పెట్టుకుని కూర్చుంటుంది, పార్టీలందరూ వేలిముద్రలు వేస్తారు, ఫొటోలు దిగుతారు, ఆవిడతో పని లేదు. కాబట్టి ఇంటి మీద మీ అమ్మకి జీవితకాల హక్కు అయినా స్పష్టంగా రాయించమని నాన్నకి చెప్పు, ఇంకా మంచిది ఇల్లే ఆవిడ పేర పెట్టడం. ఈ మాట కొడుకు నోటి నుంచి వస్తే మీ నాన్న వింటాడు. మీ చెల్లి చెప్తే "నీకెందుకమ్మా" అంటాడు, వాడి సంగతి నాకు తెలుసు, నేను ఎత్తుకు తిప్పిన తమ్ముడే.

ఇక నువ్వు అడిగిన "ఇప్పుడే రాసేసుకుంటే" అన్నది. గిఫ్టు సెటిల్‌మెంటు, అంటే బతికుండగానే ఊరికే రాసిచ్చేయడం, వద్దు. మీ నాన్న ఇవాళ మొత్తం రాసిచ్చేస్తే మీరు చూడరని కాదు. ప్రతి పంటకీ కౌలుదారు వచ్చి అరుగు మీద కూర్చుని లెక్క చెప్పడం, వానలు లేవండీ కొంచెం తగ్గించండీ అనడం, మీ నాన్న కాసేపు బెట్టు చేసి ఒప్పుకోవడం, ఇదంతా చూశావా ఎప్పుడైనా? నువ్వు ప్రతి నెలా పంపే డబ్బు దీనికి పదింతలు ఉంటుంది, కానీ అది తీసుకునేటప్పుడు ఆయన ముఖం వేరేగా ఉంటుంది, "ఎందుకురా ఇంత" అంటాడు, మీ అమ్మ చేత థాంక్స్ చెప్పిస్తాడు. ఆ పొలం ఆయన పేర ఉన్నంతకాలం ఆయన ఇచ్చే మనిషి. దాన్ని తీసేసుకుని బదులుగా ఎంత పంపినా లెక్క సరిపోదు. పొలంలో ఎవరి వాటా ఎంతో ఇప్పుడే పంచుకోండి కావాలంటే, ఆయన వాటా మాత్రం ఆయన పేరనే ఉంచి దానికి వీలునామా రాయించండి. వీలునామాకి రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాదు, ఇద్దరు సాక్షులు చాలు, అయినా రిజిస్టర్ చేయించండి, ఆ రోజు డాక్టరు సర్టిఫికెట్ ఒకటి జత చేయించండి. ఎప్పుడైనా మనసు మారితే మార్చుకుంటాడు, అది ఆయన హక్కు.

ఎవరైనా బంధువు "ఇప్పుడే రాయించేసుకో, తల్లిదండ్రుల పోషణకి 2007 చట్టం ఉందిగా, చూడకపోతే ముసలాళ్లు రద్దు చేసుకోవచ్చు" అని సలహా ఇస్తారు. నిజమే, ఆర్డీవో దగ్గర పిటిషన్ పెట్టుకోవచ్చు. కానీ మమ్మల్ని చూసుకోవాలి అన్న షరతు మీద ఇచ్చారని తేలాలని 2022లో సుప్రీంకోర్టు అంది, 2025 జనవరిలో ఇంకో కేసులో కొంచెం ఉదారంగా చూసింది. అసలు డెబ్బై దాటిన మనిషి సొంత కొడుకు మీద ఆర్డీవో ఆఫీసు మెట్లెక్కే పరిస్థితి ముందుగా ఊహించుకుని దస్తావేజు రాయించడం ఏమిటిరా.

నీకు ఇంకో చిక్కు ఉంది. విదేశాల్లో స్థిరపడినవాళ్లు ఇక్కడ సాగుభూమి కొనకూడదు, గిఫ్టుగా కూడా తీసుకోకూడదు. వారసత్వంగా రావచ్చు. కాబట్టి పొలం నీ పేర ఎలా రావాలన్నది లాయరుతో పాటు ఫెమా (విదేశీ మారక చట్టం) తెలిసిన ఆడిటర్ని కూడా అడుగు. నువ్వు రాలేక పవర్ ఆఫ్ అటార్నీ పంపిస్తే అది ఇండియా చేరిన మూడు నెలల్లోపు ఇక్కడ స్టాంపు చేయించాలి, చాలామంది ఇది మర్చిపోయి ఆఫీసు దాకా వచ్చి తిట్టుకుంటూ వెళ్లేవాళ్లు. వీలైతే నువ్వే రా.

ఇప్పుడు పని పంపకం. నువ్వూ మీ చెల్లీ కూర్చుని, మొగుడూ పెళ్లాలు లేకుండా, మీ ఇద్దరే, ఇప్పుడు ఎవరు ఏం చేస్తున్నారో రాసుకోండి. నువ్వు డబ్బు పంపుతున్నావు. అది మందులు తెస్తుంది, షుగర్ పరీక్షలు చేయిస్తుంది, పనిమనిషి మానేస్తే ఇంకొకరిని వెతుకుతుంది, మీ అమ్మ మోకాళ్ల ఆపరేషన్‌కి సెలవు పెట్టింది, దాని ప్రమోషన్ ఏమైందో నువ్వు అడిగావా? పైగా దాని అత్తగారింట్లో దీనికి రోజూ జవాబు చెప్పుకోవాలి. మీ నాన్నేమో కూతురింట్లో ఎన్నాళ్లుంటాం అని నాలుగో రోజుకే సంచి సర్దేస్తాడు, కూతురి చేతి మందులు మాత్రం కావాలి. ఇవన్నీ రాసుకున్నాక, అప్పుడు పొలం గురించి మాట్లాడండి. నీ వాటాలో కొంత దానికి వదులుకుంటావా, లేక పగలూ రాత్రీ ఉండే మనిషిని పెట్టి ఆ జీతం నువ్వే కడతావా, ఏడాదికి రెండు నెలలు ఇక్కడ నుంచి పనిచేసుకుంటూ ఉంటావా, ఏదో ఒకటి, నోటిమాటగా కాకుండా ఇద్దరికీ గుర్తుండేలా. "చూద్దాంలే" అన్న మాట మాత్రం అనకు. ఆ మాటకి అర్థం ఆడపిల్ల చూసుకుంటుందని.

అమెరికా తీసుకెళ్లిపోతాను అంటావేమో. మీ అమ్మని విడిగా అడుగు, నాన్నని విడిగా అడుగు, ఇద్దరూ ఒకే జవాబు చెప్పరు, పందెం. విజిటర్ వీసా మీద ఆర్నెల్లు, కారు లేకపోతే గడప దాటలేరు, ఆ ఊళ్లో ఆసుపత్రి ఖర్చు నాకంటే నీకే బాగా తెలుసు. ఇంకో విషయం, నీ భార్య ఒక్కతే కూతురు, వాళ్ల అమ్మానాన్న కూడా పెద్దవాళ్లవుతున్నారు. చిన్న కుటుంబం చింత లేని కుటుంబం అని గోడల మీద రాసిన రోజుల్లో పెరిగినవాళ్లం మేము, చెప్పినట్టే కన్నాం. రాష్ట్రంలో సగటున ఒక తల్లికి 1.7 పిల్లలని 2019-21 ఆరోగ్య సర్వే లెక్క, ఇద్దరికంటే ఎక్కువ మంది ఉంటే పంచాయతీ ఎన్నికల్లో నిలబడకూడదన్న రూలు కూడా 2024లో తీసేశారు, ఇప్పుడు కనండి కనండి అంటున్నారు. కన్నా మీ తరానికి అందిరారు గదా. నలుగురు పెద్దవాళ్లు మీ ఇద్దరి మీద ఉన్నారు, ఆ అమ్మాయి పుట్టింటి లెక్క కూడా ఈ కాగితంలోనే వెయ్యి, తర్వాత విడిగా వేసుకోవడానికి కుదరదు.

కౌలుదారు సంగతి ఒక్కమాట. పంపకం అనగానే ఊళ్లో అతను బెదిరిపోతాడు. పంట సాగుదారుల హక్కుల 2019 చట్టం కింద సాగుదారు కార్డుకి సంతకం పెట్టమంటే పొలం పోతుందేమోనని మీ నాన్న ఇప్పటిదాకా పెట్టలేదు. అది 11 నెలల ఒప్పందం, యజమాని హక్కుకి ఏమీ కాదు, పెట్టమని చెప్పు. అతనికి బ్యాంకు అప్పు పుడుతుంది, నష్టపరిహారం వస్తే చేతికి అందుతుంది.

పాత దస్తావేజు నకలు, ఈసీ (ఆస్తి మీద లావాదేవీల జాబితా), అడంగల్ (సాగు లెక్క), 1బి (భూమి హక్కుల రికార్డు) నేను తీయించి ఉంచుతాను, అవి నాకు వదిలెయ్యి. తెలిసిన లాయరు ఒకావిడ ఉంది, మొహమాటం లేకుండా చెప్తుంది. నువ్వు సంక్రాంతికి వస్తే పండగ మూడు రోజులూ ఈ మాట ఎత్తొద్దు, చుట్టాలు వెళ్లాక కూర్చుందాం. ఈలోపు మీ చెల్లికి నువ్వే ఫోన్ చెయ్యి. ఎత్తగానే పొలం అనకు, మోకాళ్ల ఆపరేషన్ అయ్యాక అది ఎలా నెట్టుకొస్తోందో ముందు అడుగు. నా చేత చెప్పించాలని చూడకు, నేను చెప్పను.

అత్త