కళావరు సంస్కృతం కాదు

సందేహం: అయ్యా, నేను గుంతకల్లు వాసిని, అప్పుడప్పుడు కథలు రాస్తుంటాను. పేకాట సన్నివేశం ఉన్న కథనొకదాన్ని పంపితే సంపాదకులు అందులోని 'ఆఠీను', 'కళావరు' అన్న మాటలను కొట్టివేసి 'హార్ట్స్', 'క్లబ్స్' అని దిద్దారు. 'ఇస్పేటాకులు' అన్నదాన్ని 'పేకముక్కలు' చేశారు. మా తెలుగు పండితులొకరు మాత్రం కళావరు సంస్కృత సమాసమనీ, 'కళలయందు వరమైనది' అని దానికి విగ్రహవాక్యమనీ చెబుతున్నారు. వీటిలో ఏది సరి? వజ్రకరూరు పక్కన పుట్టిన మేము 'డైమను' అనడం కూడా నాకు నచ్చడం లేదు. 'వజ్రం' అనరాదా?

సమాధానం: మీరు అడిగిన వాటిలో కళావరు సంగతే ముందుగా తేల్చవలసినది, ఎందుకంటే తక్కినవాటికి తాళం అందులోనే ఉంది. మీ పండితులు చెప్పిన విగ్రహవాక్యం వినసొంపుగా ఉన్నది గానీ వ్యాకరణానికి నిలవదు. కళావరు తత్సమమే, అంటే సంస్కృతం నుంచి వచ్చిన మాటే అయితే, అది మనిషిని చెప్పే మాట కాదు గనుక 'కళావరము' అయి ఉండాలి. మనిషిని చెప్పేదైతే 'కళావరుడు' కావాలి. ఈ రెండూ కాక ఉత్త ఉకారంతో ముగుస్తున్నదంటే అది నౌకరు, జమీందారు, కలెక్టరు అన్న వరుసలోని మాట, అంటే హల్లుతో ముగిసే పరాయి మాటకు మనం ఉకారం చేర్చి మనదిగా చేసుకున్న అన్యదేశ్యం. పైగా మూడు రెబ్బల నల్లని ఆకు గుర్తుకూ కళలకూ ఏమి సంబంధమో ఆ విగ్రహం చెప్పదు. చెవికి సంస్కృతంలా వినిపించిన ప్రతి మాటకూ సమాసం కల్పించే ఈ అలవాటును మన బోధకులు మానుకోవాలని నేను చాలాకాలంగా వేడుకుంటున్నాను.

అయితే ఇది ఏ పరాయి భాషది? ఇంగ్లీషు కాదు. ఇంగ్లీషువారు ఈ రంగును, అంటే ఈ గుర్తున్న ముక్కల వర్గాన్ని, 'క్లబ్స్' అంటారు, అంటే దుడ్డుకర్రలు. బొమ్మలో ఆకును పెట్టుకొని కర్ర అని పిలవడం వింతగా తోచవచ్చు. దానికి కారణం ఉన్నది. ఇటలీ, స్పెయిను దేశాల పాత ముక్కల మీద గుర్తులు కత్తులు, పాత్రలు, నాణేలు, దుడ్డుకర్రలు. ఫ్రాన్సువారు వాటి స్థానంలో ఆకు, గుండె, పలక, బల్లెపు మొన వంటి తేలికైన గుర్తులను పెట్టారు. ఇంగ్లీషువారు బొమ్మలను ఫ్రాన్సు నుంచి తీసుకొని, పేర్లలో కొన్నింటిని మాత్రం పాతవాటినే ఉంచుకున్నారు. అందువల్ల వారికి ఆకు 'కర్ర' అయింది, బల్లెపు మొన 'స్పేడ్' అయింది. ఈ స్పేడ్ మట్టి తవ్వే పార అని బడిలో చెబుతారు, కానీ దాని మూలం ఇటలీ, స్పెయినుల ఖడ్గవాచకం. ఫ్రాన్సువారు మాత్రం ఆకును చూసి ఆకనే అన్నారు, వారి మాట 'త్రెఫ్ల్', అంటే మూడాకుల గడ్డి. మన పులిచింతాకును తలచుకుంటే ఆ రూపం కంటికి కడుతుంది. ఫ్రాన్సువారి బొమ్మకు సరిపోయే పేరునే తమ భాషలో పెట్టుకున్న మరొక జాతి హాలండువారు. వారి భాషలో మూడాకుల గడ్డిని 'క్లావర్' అంటారు, పేకలో ఆ రంగు పేరు 'క్లావరెన్'.

క్లావర్ నుంచి కళావరు రావడంలో కష్టమేమీ లేదు. పదాదిని సంయుక్తాక్షరం ఉంటే మన నోరు దాన్ని విడదీస్తుంది. గ్లాసు పల్లెల్లో గలాసు అయినట్టే, బ్రాందీ బరాందీ అయినట్టే, క్లా కళా అయింది. ఇంగ్లీషులో ఆ గడ్డిని 'క్లోవర్' అంటారు, అది మన నోట పడితే 'కలోవరు' కావాలి గానీ కళావరు కాదు. రెండవ అక్షరంలోని దీర్ఘమైన ఆకారమే ఈ మాట పుట్టుకను పట్టి ఇస్తున్నది. తమిళంలో 'కిళావర్' అనడమూ, మలయాళంలో 'క్లావర్' అనడమూ, కన్నడంలో 'కళావర్' అనడమూ ఈ మాటే. వీటన్నింటికంటె గట్టి సాక్ష్యం సింహళంలో ఉన్నది. శ్రీలంక తీరప్రాంతం 1658 నుంచి 1796 వరకు హాలండువారి ఏలుబడిలో ఉండింది. సింహళ భాషలో ఈ రంగు పేరు 'కలాబర'. తక్కిన మూడు రంగులూ అక్కడ హాలండువారి పేర్లతోనే ఉన్నాయి. వారి 'స్ఖోపెన్' అక్కడ 'ఇస్కోప్ప' అయింది, 'హార్తెన్' 'హారత' అయింది, 'రౌతెన్' 'రువిత' అయింది. ఒక భాషలో నాలుగుకు నాలుగూ ఒకే చోటి నుంచి వచ్చి ఉండగా, మన భాషలో వాటిలోని రెంటికి సరిపోయే మాటలే ఉన్నప్పుడు దాన్ని యాదృచ్ఛికమని తోసివేయలేము.

హాలండువారికి తెలుగువారితో పరిచయం స్వల్పమైనది కాదు. వారు 1606లో గోల్కొండ సుల్తాను అనుమతితో మచిలీపట్నంలోను, నిజాంపట్నంలోను వర్తకం స్థిరపరచుకున్నారు. 1610లో పులికాటులో చేరి అక్కడ కోట కట్టారు. భీమునిపట్నం, జగన్నాథపురం, పాలకొల్లు కూడా వారి స్థావరాలే. 1824 నాటి ఒప్పందం ప్రకారం 1825లో తమకు మిగిలినవాటిని ఇంగ్లీషువారికి అప్పగించి వెళ్లేవరకు, రెండు వందల ఏళ్లకు పైగా వారు మన తీరంలో ఉన్నారు. తెలుగువారు వారిని వలందులన్నారు. మచిలీపట్నంలో వలందపాలెం ఇప్పటికీ ఉన్నది. ఓడల మీద నెలల తరబడి గడిపే నావికులు, కోటల్లో కాలక్షేపం లేని సిపాయిలు ముక్కలు తెచ్చారంటే, ముక్కలతోపాటు పేర్లూ వచ్చాయి. రాయలసీమకు అవి తీరం నుంచి నేరుగా ఎక్కివచ్చినవో, కన్నడం మీదుగా దిగివచ్చినవో ఒక్క మాటలో తేల్చడం మంచిది కాదు. 1800లో దత్తమండలం, అంటే నిజాం వదులుకున్న కడప, బళ్లారి ప్రాంతం, కంపెనీ చేతికి వచ్చాక మద్రాసు నుంచి కడప, బళ్లారుల దాకా సిపాయిల, గుమాస్తాల రాకపోకలు పెరిగాయి గనుక రెండు దారులూ సంభవమే.

ఆఠీను కూడా ఈ ఇంటిదే. హాలండువారి 'హార్తెన్' మొదటి హకారం జారిపోయింది. హాస్పిటల్ ఆసుపత్రి అయిన దారి ఇదే. నడుమ రేఫ లోపించింది, చివరి 'ఎన్' మన నోట 'ఈను' అయింది. తమిళంలో 'ఆట్టిన్', కన్నడంలో 'ఆటీన్' అంటారు. ఇంగ్లీషు 'హార్ట్స్' నుంచే వచ్చి ఉంటే చివర సకారం మిగిలేది గానీ నకారం ఎక్కడిది? ఇక్కడ ఒక చిన్న అభ్యంతరం చెప్పక తప్పదు. ఈ మాటలో ఠకారానికి ఏ ఆధారమూ లేదు. మూలంలో మహాప్రాణం లేదు, మాటాడేవారి నోట లేదు. అచ్చులోకి వచ్చేసరికి ఎవరో గంభీరంగా ఉంటుందని ఒత్తు తగిలించారు, తరువాతివారు చూసి రాశారు. 'ఆటీను' అనడమే నాకు సమ్మతం. అయినా 'ఆఠీను' వాడుకలో బాగా పాతుకొన్నది గనుక దాన్ని తప్పు అని కొట్టివేసే సాహసం నేను చేయను.

ఈ వరుసలో తురుపును, అంటే తక్కిన రంగులను కొట్టే ముక్కను చెప్పే మాటను, మరచిపోకూడదు. దీన్ని ఇంగ్లీషు 'ట్రంప్' వికారమని చెప్పేవారున్నారు. అదే నిజమైతే నడుమ ఉన్న మకారం ఏమైంది? తెలుగు నోరు సున్నను అంత తేలికగా వదులుకోదు, 'పంపు' పంపుగానే ఉన్నది, 'లాంటర్న్' లాంతరైనా సున్నను పోగొట్టుకోలేదు. పోర్చుగీసు 'త్రుంఫు' అనుకుందామన్నా అదే చిక్కు. హాలండువారి మాట 'త్రూఫ్', అందులో అనునాసికం లేదు. త్రూఫ్ విడిపోతే తురుపు. ఆ జాతివారే ఏలిన ఇండోనేసియాలో నేటికీ తురుపుముక్కను 'కార్తు త్రుఫ్' అనే అంటారు. ఆసు కూడా ఇటువంటిదే. ఇంగ్లీషు 'ఏస్' మనకు 'ఏసు' అయి ఉండేది. ఆసులోని ఆకారం హాలండు, పోర్చుగీసు, ఫ్రెంచి భాషలన్నింటా ఉన్నది గనుక దీన్ని వలందులకే అంటగట్టను. ఇంగ్లీషు కాదని మాత్రం గట్టిగా చెప్పగలను. కేరళలో ప్రసిద్ధమైన 'ఇరవై ఎనిమిది' ఆటను చూడండి. అందులో రాజుకూ రాణికీ విలువ లేదు, జాకీకి మూడు, తొమ్మిదికి రెండు, ఆసుకూ పదికీ ఒక్కొక్కటి, రంగుకు ఏడు చొప్పున నాలుగు రంగులకు ఇరవై ఎనిమిది. జాకీనీ తొమ్మిదినీ అందలమెక్కించే ఈ పద్ధతి ఇంగ్లీషు ఆటలలో అపూర్వం. హాలండువారి 'క్లావర్‌యాస్' ఆటలో తురుపు రంగులో పెద్దముక్క జాకీ, దాని తరువాతిది తొమ్మిది. పేర్లే కాదు, ఆటలు కూడా ఆ ఓడలలోనే వచ్చాయనడానికి ఇంతకన్న ఏమి కావాలి?

గుర్రపు దండు అనే అర్థంలో ఉన్న తురుపు వేరు, అది ఇంగ్లీషు 'ట్రూప్'. తురుపు సవారు అన్నది దానికి చెందినది. పడుగు పేకలలోని పేకకూ, పేకముక్కలోని పేకకూ చుట్టరికం ఉన్నదనడానికి రూపసామ్యం తప్ప ఆధారం కనబడదు.

ఇక ఇస్పేటు. ఇది మాత్రం వలందులది కాదు. అయి ఉంటే సింహళంలో వలె 'ఇస్కోపు' కావాలి. పోర్చుగీసు 'ఎస్పాద' అందామంటే నడిమి అచ్చు ఏకారం కాదు. ఇంగ్లీషు 'స్పేడ్'కు, ఇస్కూలు, ఇస్టేషను అన్నప్పటి ఇకారం ముందు చేరి ఇస్పేటు అయినదనడమే సబబు. మీ ప్రాంతంలో ఈ ఒక్క రంగు పేరు మొత్తం కట్టకే పేరు కావడాన్ని మీ సంపాదకులు తప్పుగా భావించడం విచారకరం. పొరుగున కన్నడంలో పేకముక్కలను 'ఇస్పీటెలె' అంటారు, ఎలె అంటే ఆకే. హిందీ 'పత్తా' కూడా ఆకే. తమిళులు 'చీట్టు' అన్నారు, కోస్తా తెలుగువారు ముక్క అన్నారు, సీమవారు ఆకు అన్నారు. వీటిలో ఒకటి ఒప్పు, తక్కినవి తప్పు అని శాసించే అధికారం ఎవరికి ఉన్నది? భాగం పేరు మొత్తానికి రావడానికి కారణంగా నాకు తోచేది ఒకటున్నది. ఇంగ్లీషు ప్రభుత్వం పేకముక్కల మీద వేసిన సుంకానికి గుర్తును ఇస్పేటు ఆసు మీదనే ముద్రించేది. నేటికీ ఆ ముక్క మీదనే పెద్ద అలంకారమూ, తయారీదారు పేరూ కనబడడం దాని శేషమే. కట్ట విప్పితే కంటబడే ఆ ముద్రముక్క పేరు కట్టకు రావడం అసంభవం కాదు.

డైమను స్పష్టంగా ఇంగ్లీషే. మీ వజ్రకరూరు అభిమానాన్ని నేను గౌరవిస్తాను. వజ్రకరూరుకూ, జొన్నగిరికీ తొలకరి వానలకు రాళ్లు వెదకబోయే జనం ఉన్న గడ్డ మీద ఆ కోరిక పుట్టడం సహజం. కానీ ఆ ఎర్రని గుర్తు వజ్రమని ఎవరు చెప్పారు? ఫ్రాన్సువారికి అది నేలమీద పరిచే పలక, హిందీవారికి అది 'ఈంట్', అంటే ఇటుక, హాలండువారికి ఉత్త నాలుగు మూలల ఆకారం. వజ్రమన్నది ఇంగ్లీషువారి ఊహ మాత్రమే. గుండె గుర్తును ఉత్తరాదివారు తమలపాకుగా చూసి 'పాన్' అన్నారు. కాబట్టి 'వజ్రం', 'హృదయం' అని కొత్తగా తయారుచేస్తే అది తెలుగు చేయడం కాదు, ఇంగ్లీషునే తెలుగు అక్షరాలలో పలకడం. పిల్లల పుస్తకాలలో బొమ్మను వివరించడానికి వాడుకుంటే అభ్యంతరం లేదు గానీ, ఆట ఆడేవారి నోట ఆ మాటలు పెట్టకండి.

బొమ్మ ముక్కల గురించి మీరు అడగలేదు గనుక క్లుప్తంగా చెబుతాను. రాజు, రాణి మన మాటలే, జాకీ ఇంగ్లీషు 'జాక్'. అంతకుముందు మన దేశంలో ఆడిన గంజీఫా అనే పాత పేకాటలో రాణి లేనేలేదు. మొగలాయి పద్ధతిలో ఎనిమిది రంగులు, 96 గుండ్రని ముక్కలు. దశావతార పద్ధతిలో అవతారానికి ఒక రంగు చొప్పున 120 ముక్కలు. రెండింటిలోనూ రంగుకు రాజు, మంత్రి అనే రెండే బొమ్మలుంటాయి. నిర్మల్ చిత్రకారులు వీటిని రచించేవారు.

మీ సంపాదకులు చేసిన దిద్దుబాటుకు వస్తాను. కడపలో ఉద్యోగం చేసి, అక్కడ బంగళా కొని, అందులో పండితులను కూర్చోబెట్టి తెలుగు గ్రంథాలను పరిష్కరింపజేసిన బ్రౌను 1852లో తెలుగు–ఇంగ్లీషు నిఘంటువును వెలువరించి అంతటితో ఆగలేదు. తెలుగులో కలిసిపోయిన అన్యదేశ్యాలకు, మిశ్రభాషకు 1854లో వేరుగా ఒక నిఘంటువే చేశాడు. కచేరీలో, సంతలో, దండులో వినబడే మాటలు భాషలో భాగమేనని ఒక పరదేశి గుర్తించి గ్రంథం చేయగా, రెండు మూడు వందల ఏళ్లు మన నోట నలిగి మన ధ్వనులను పుణికిపుచ్చుకున్న కళావరును మనమే కొట్టివేసి దాని చోట 'క్లబ్స్' పెట్టడం న్యాయమా? రెండూ పరాయివే అయినప్పుడు, తెలుగు వేషం వేసుకున్నదాన్ని తరిమి వేసుకోనిదాన్ని పిలవడంలో ఔచిత్యం ఏమున్నది? మొన్నమొన్నటిదాకా తెరమీద రమ్మీ ప్రకటనలు చేసినవారు కూడా 'స్పేడ్స్', 'హార్ట్స్' అనే అన్నారు. వారికి పేర్లతో పని లేదు. కథకులకు, సంపాదకులకు ఉన్నది.

మీ కథలో కళావరు, ఇస్పేటు, డైమను, ఆటీను అనే నాలుగూ ఉంచండి. ఠకారం ఉంచదలిస్తే అది మీ ఇష్టం. గుంతకల్లు పాత్రల సంభాషణలో 'ఇస్పేటాకులు' నిస్సంశయంగా రాయండి. కథకుడు తన మాటగా చెప్పే వాక్యాలలో అదే వాడవచ్చునా అంటే, రంగు పేరూ కట్ట పేరూ ఒకటే కావడం వల్ల కోస్తా పాఠకుడు ఒకటి రెండు చోట్ల తడబడవచ్చు. అటువంటి చోట కట్టను 'ఆకులు' అనీ, రంగును 'ఇస్పేటు' అనీ విడివిడిగా రాస్తే సరిపోతుంది.