మైదానం ప్రశ్నలు: ముగ్గురికీ ఆరు పాయింట్లే, ఇంటికెవరు?

మహిళల ఫుట్‌బాల్ అంతర్జాతీయ టోర్నీల మీద తిరుపతి, చిత్తూరు జిల్లాల నుంచి వచ్చిన ఉత్తరాలకు ఈసారి జవాబులు.

ప్రశ్న: అమ్మాయిల ఫుట్‌బాల్ పోటీ పెట్టినాం. ఒక గ్రూపులో మూడు జట్లకు ఆరేసి పాయింట్లు వచ్చినాయి. మొత్తం గోల్స్ తేడా చూడాలని ఒకరు, వాళ్లలో వాళ్లు ఆడిన మ్యాచ్‌లే చూడాలని ఇంకొకరు. గొడవ తెగలేదు. ప్రపంచకప్‌లో ఏం చేస్తారు?
(చంద్రగిరి నుంచి ఒక నిర్వాహకుడు)

జవాబు: ఇద్దరూ చెప్పింది నిజమే. గొడవంతా అక్కడే ఉంది. 2023 మహిళల ప్రపంచకప్‌లో పాయింట్లు సమమైతే ముందు గ్రూపులోని అన్ని మ్యాచ్‌ల గోల్స్ తేడా చూశారు, తర్వాత మొత్తం కొట్టిన గోల్స్. అవి కూడా సమమైతేనే ఆ జట్లు తమలో తాము ఆడిన మ్యాచ్‌ల జోలికి పోయేది. ఏఎఫ్‌సీ (ఆసియా ఫుట్‌బాల్ సమాఖ్య) మహిళల ఆసియా కప్‌లో ఈ వరస తిరగబడుతుంది. ముందు ముఖాముఖి పాయింట్లు, ముఖాముఖి గోల్స్ తేడా, ముఖాముఖిలో కొట్టిన గోల్స్. మొత్తం గోల్స్ తేడా ఆ తర్వాతే.

ఒక లెక్క వేద్దాం. ఊళ్ల పేర్లు లెక్క కోసమే, ఎవరూ మనసులో పెట్టుకోవద్దు. తిరుపతి 1-0తో చిత్తూరు మీద, చిత్తూరు 3-1తో పలమనేరు మీద, పలమనేరు 1-0తో తిరుపతి మీద గెలిచాయి. నాలుగో జట్టు శ్రీకాళహస్తి ముగ్గురి చేతిలోనూ ఓడింది: తిరుపతితో 1-0, చిత్తూరుతో 1-0, పలమనేరుతో 6-0. పైన ఉన్న మూడింటికీ ఆరేసి పాయింట్లు, ముందుకు పోయేది మాత్రం రెండే అనుకుందాం.

అన్ని మ్యాచ్‌లూ కలిపితే పలమనేరు 8 కొట్టి 3 ఇచ్చింది, తేడా +5. చిత్తూరుది +2, తిరుపతిది +1. అంటే తిరుపతి ఇంటికి. ఇప్పుడు శ్రీకాళహస్తి మ్యాచ్‌లు పక్కన పెట్టి ముగ్గురి మధ్య జరిగినవే చూడండి. చిత్తూరు 3 కొట్టి 2 ఇచ్చింది, +1. తిరుపతి ఒకటి కొట్టి ఒకటి ఇచ్చింది, సున్నా. పలమనేరు 2 కొట్టి 3 ఇచ్చింది, -1. అంటే పలమనేరు ఇంటికి. అవే ఆరు మ్యాచ్‌లు, అవే గోల్స్. మొదటి లెక్కలో గ్రూపు గెలిచిన జట్టే రెండో లెక్కలో బయటికి పోయింది.

మా మాటకొస్తే, చిన్న పోటీలకు ముఖాముఖి పద్ధతే మేలు. బలహీనమైన జట్టు మీద ఆరు గోల్స్ కొట్టినవాళ్లు అందులో లాభపడరు. ఏ పద్ధతైనా ఎంట్రీ ఫారం మీదే అచ్చు వేయించి, కెప్టెన్ల సంతకం తీసుకోండి. మ్యాచ్‌లు అయిపోయాక పద్ధతి ఎంచుకుంటే అది నిబంధన కాదు, జట్టును ఎంచుకోవడం. గ్రూపులో ఆఖరి రెండు మ్యాచ్‌లు ఒకే సమయానికి మొదలుపెట్టండి. 1982 పురుషుల ప్రపంచకప్‌లో పశ్చిమ జర్మనీ, ఆస్ట్రియా జట్లు పక్క మ్యాచ్ ఫలితం ముందే తెలుసుకుని, ఇద్దరికీ సరిపోయే స్కోరు రాగానే బంతిని అటూ ఇటూ తోసుకున్నాయి. ఆ తర్వాతే ఒకే సమయం పద్ధతి ఖాయమైంది. రెండో మైదానం లేకపోతే, సమమయ్యే అవకాశమున్న జట్ల మ్యాచ్‌నే చివరికి పెట్టుకోండి. కొంత మేలు.

ప్రశ్న: 2022 ఆసియా కప్ మన దేశంలోనే జరిగింది కదా. మన అమ్మాయిలు ఒక్క మ్యాచ్ కూడా ఓడకుండానే బయటికొచ్చారట. అదెలా?
(చిత్తూరు నుంచి ఒక డిగ్రీ విద్యార్థిని)

జవాబు: 2022 జనవరి 20న నవీ ముంబయిలో ఇరాన్‌తో 0-0 డ్రా చేశారు. 23న చైనీస్ తైపీ (తైవాన్)తో మ్యాచ్. ఈలోగా శిబిరంలో కోవిడ్ పాకింది. నిబంధన ప్రకారం జాబితాలో కనీసం 13 మంది ఉండాలి. అంతమంది లేక మ్యాచ్ జరగలేదు, టోర్నీ నుంచి వైదొలిగినట్టు లెక్కగట్టారు. మామూలుగా జట్టు రాకపోతే ఎదుటివాళ్లకు 3-0 ఇస్తారు. ఇక్కడ అలా కాదు, ఇరాన్‌తో ఆడిన డ్రా కూడా చెరిపేశారు. దాని సెగ మిగతా గ్రూపులకూ తగిలింది. మూడు గ్రూపుల నుంచి మెరుగైన రెండు మూడో స్థానం జట్లను క్వార్టర్స్‌కు తీసుకోవాలి. ఒక గ్రూపులో మూడే జట్లు మిగిలాయి కాబట్టి, మిగతా రెండు గ్రూపుల్లో నాలుగో స్థానం జట్టు మీద వచ్చిన ఫలితాలు తీసేసి పోల్చారు. మీ పోటీలో ఒక జట్టు మధ్యలో బస్సెక్కి వెళ్లిపోతే చేయాల్సిన పని కూడా ఇదే.

2026 ఆసియా కప్‌కు మాత్రం మనవాళ్లు అర్హత పోటీ ఆడి, గెలిచి చేరారు. 2025 జులై 5న చియాంగ్ మాయ్‌లో థాయ్‌లాండ్‌ను 2-1తో ఓడించారు. రెండు గోల్సూ సంగీతా బాస్ఫోర్‌వే. ఆ అర్హత జట్టులో నిజామాబాద్ అమ్మాయి సౌమ్య గుగులోత్ కూడా ఉంది.

ప్రశ్న: ఆడవాళ్ల మ్యాచ్‌కు బంతి చిన్నదా?
(కుప్పం)

జవాబు: కాదు. సైజు 5, చుట్టుకొలత 68–70 సెం.మీ., బరువు 410–450 గ్రాములు. గోల్ కూడా అదే: 7.32 మీటర్ల వెడల్పు, 2.44 మీటర్ల ఎత్తు. సైజు 4 చిన్నపిల్లలకు. నిమిషాలు మాత్రం ఒకప్పుడు తక్కువ. 1991లో చైనాలో జరిగిన తొలి ప్రపంచకప్‌లో మ్యాచ్ 80 నిమిషాలే.

ప్రశ్న: పెనాల్టీలో మా గోల్‌కీపర్ బంతిని ఆపింది. రిఫరీ మళ్లీ కొట్టించాడు. ఇంకో పెనాల్టీలో చేతికి తగిలి గిర్రున తిరిగిన బంతిని గోల్ అన్నాడు. రెండూ అన్యాయమే కదా?
(శ్రీకాళహస్తి నుంచి ఒక జట్టు మేనేజర్)

జవాబు: రెండూ సరైనవే కావచ్చు. కిక్ పడే క్షణానికి కీపర్ ఒక పాదంలో కొంతైనా గీత మీద గానీ, గీతకు సూటిగా పైన గానీ, వెనక గానీ ఉండాలి. రెండు పాదాలూ ముందుకొచ్చి బంతి ఆపితే మళ్లీ కొట్టించాల్సిందే. 2019 ప్రపంచకప్‌లో స్కాట్లాండ్ 3-0 ఆధిక్యంలో ఉండి, అది 3-2కు తగ్గాక అర్జెంటీనాకు మ్యాచ్ చివర్లో ఒక పెనాల్టీ ఇచ్చుకుంది. కీపర్ లీ అలెగ్జాండర్ ఆపింది. వీఏఆర్‌లో, అంటే రిఫరీకి సాయంగా ఉండే వీడియోలో చూస్తే ఆమె ముందే గీత వదిలింది. రెండోసారి గోల్ పడింది, 3-3. స్కాట్లాండ్ ఇంటికి పోయింది.

రెండో సంగతి. 2023 ఆగస్టు 6న మెల్‌బోర్న్‌లో స్వీడన్, అమెరికా షూటౌట్. లీనా హుర్టిగ్ కొట్టిన బంతిని అమెరికా కీపర్ అలిసా నేయర్ పైకి తోసింది. అది తిరుగుతూ గోల్ వైపే దిగితే మళ్లీ చేత్తో బయటికి లాగింది. కళ్లకు ఆపినట్టే కనిపించింది. గోల్‌లైన్ యంత్రం మాత్రం బంతి మిల్లీమీటర్ల లెక్కన పూర్తిగా దాటిందని చూపింది. అమెరికా అక్కడే ఆగిపోయింది. షూటౌట్‌లో బంతి కదలిక ఆగేదాకా, లేదా బయటికి పోయేదాకా ఆ కిక్ అయిపోనట్టే. కీపర్ ఆపేశానని చేతులెత్తి వెనక్కి తిరగకూడదు.

మనకు యంత్రాల్లేవు. గీత తిన్నగా ఉంటే సగం గొడవలు పోతాయి. గోల్ గీత వెడల్పు పోస్టు మందంతో సమానంగా, 12 సెం.మీ. దాటకుండా వేయండి. తాడు కట్టి ముగ్గుపిండితో వేస్తే చాలు. సున్నం వద్దు, డైవ్ చేసిన పిల్ల కళ్లలో పడితే కాలుస్తుంది.

ప్రశ్న: మా బడి జట్టులో ఏడాదిలో ఇద్దరికి మోకాలి గాయాలు. ఎవరూ తగలకుండానే పడ్డారు. పెద్ద జట్లు ఏం చేస్తాయి?
(పుత్తూరు నుంచి ఒక పీఈటీ)

జవాబు: దూకి దిగేటప్పుడో, పరిగెత్తుతూ చటుక్కున తిరిగేటప్పుడో మోకాలు లోపలికి వాలితే లోపలి లిగమెంట్ మీద బరువు పడుతుంది. ఎవరూ తగలక్కర్లేదు. ఈ గాయం అబ్బాయిలకంటే అమ్మాయిల్లో ఎక్కువ. ఫిఫా 11+ అనే వార్మప్ దీనికోసమే. ఇరవై నిమిషాలు పడుతుంది. ఐదారు మీటర్ల దూరంలో ఆరు జతల కోన్‌లు చాలు.

మొదట ఎనిమిది నిమిషాలు నెమ్మదిగా పరుగు, తుంటిని బయటికి లోపలికి తిప్పడం, జతగా భుజం తాకించి దిగడం. తర్వాత పది నిమిషాల బలం పని: మోచేతుల మీద ప్లాంక్ (బోర్లా ఒళ్లు తిన్నగా లేపి నిలపడం) 20–30 సెకన్ల చొప్పున మూడుసార్లు, పక్కకు తిరిగి ఒక్కో వైపు అంతే, ఒంటికాలి మీద బంతి పట్టుకుని 30 సెకన్లు రెండుసార్లు, గుంజీలు, నిటారుగా ఎగరడం. మోకాళ్ల మీద నిల్చుని, జతగాడు మడమలు పట్టుకుంటే నెమ్మదిగా ముందుకు వాలే వ్యాయామం మొదట్లో 3–5 సార్లే. పది చేయిస్తే మర్నాడు ఒక్కరూ మైదానానికి రారు. చివర రెండు నిమిషాలు వేగంగా పరుగు, కాలు ఆనించి దిశ మార్చడం.

వారానికి రెండు మూడుసార్లు చేస్తేనే పని చేస్తుంది. మ్యాచ్ రోజున మధ్యలోని బలం భాగం తీసేసి పరుగు భాగాలే చేయించండి. చాలామంది చేసే తప్పు, సెకన్లు లెక్కపెడుతూ మోకాలు చూడకపోవడం. పీఈటీ పిల్లలకు ఎదురుగా నిలబడాలి. పక్కనుంచి చూస్తే మోకాలు వాలడం కనిపించదు.

ప్రశ్న: మా పాప 2011లో పుట్టింది. అండర్-17 ప్రపంచకప్‌కు ఎప్పటిదాకా వయసు సరిపోతుంది?
(పలమనేరు నుంచి ఒక తల్లి)

జవాబు: టోర్నీ జరిగే ఏడాదిలోంచి 17 తీసేయండి. ఆ ఏడాది జనవరి 1న గానీ, ఆ తర్వాత గానీ పుట్టి ఉండాలి. మీ పాపకు 2028 దాకా సరిపోతుంది. 2025 నుంచి ఈ పోటీ ఏటా జరుగుతోంది, ఐదేళ్లూ మొరాకోలోనే. మన దేశం ముందు ఆసియా పోటీల్లో నెగ్గుకు రావాలి. బడి నుంచి పైకి పోయే దారుల్లో సుబ్రతో కప్ ఒకటి, అమ్మాయిలకు అండర్-17 విభాగం ఉంది. జనన ధ్రువపత్రంలో, ఆధార్‌లో పేరు, తేదీ ఒకేలా ఉన్నాయేమో ఈరోజే చూసుకోండి.

ప్రశ్న: 2027 ప్రపంచకప్ మనకు ఏ వేళకు వస్తుంది?
(తిరుపతి)

జవాబు: బ్రెజిల్‌లో జూన్ 24 నుంచి జులై 25 దాకా, 32 జట్లతో. బ్రసీలియా సమయానికి ఎనిమిదిన్నర గంటలు కలపండి. అక్కడ మధ్యాహ్నం ఒంటిగంట మ్యాచ్ మనకు రాత్రి 9.30, సాయంత్రం నాలుగుది అర్ధరాత్రి దాటి 12.30, రాత్రి ఏడుది తెల్లవారుజామున 3.30. ఆ చివరిది మొదలయ్యేసరికి కొండమీద సుప్రభాతం అయిపోయి ఉంటుంది. షెడ్యూల్‌లో ఉండేది బ్రెజిల్ తేదీ. సాయంత్రం నాలుగు, రాత్రి ఏడు మ్యాచ్‌లకు మన క్యాలెండర్‌లో మర్నాటి గడిలో గుర్తు పెట్టుకోండి.