మరో శాఖకు బదిలీ చేస్తే ఉద్యోగి సమ్మతి అవసరమా?

ప్రశ్న: నేను 2017లో ఉమ్మడి కృష్ణా జిల్లా కేడర్‌లో జూనియర్ అసిస్టెంటుగా చేరి విజయవాడలో పనిచేస్తున్నాను. పరిపాలనా అవసరాల రీత్యా నన్ను గుంటూరులోని వేరే శాఖ కార్యాలయానికి బదిలీ చేస్తూ గత వారం ఉత్తర్వు వచ్చింది. నా సమ్మతి ఎవరూ అడగలేదు. ఇప్పుడు మాత్రం ‘విల్లింగ్’ అని ఒక కాగితం రాసిస్తే అన్నీ సాఫీగా జరిగిపోతాయని మా సూపరింటెండెంటు గారు అంటున్నారు. రాసివ్వవచ్చా? చేరకుండా ఉండిపోతే ఏమవుతుంది?
– ఒక పాఠకురాలు, విజయవాడ

జవాబు: అమ్మా, ఆ కాగితం మాత్రం తొందరపడి రాసివ్వకండి. రాష్ట్ర, సబార్డినేట్ సర్వీసు నియమావళి (1996)లోని 35వ నియమం ప్రకారం ఒక నియామక యూనిట్ (నియామకాలు, సీనియారిటీ విడిగా లెక్కించే విభాగం) నుంచి మరొక యూనిట్‌కు పరిపాలనా కారణాలపై బదిలీ అయిన ఉద్యోగి సీనియారిటీని పాత యూనిట్‌లో మొదట నియమితులైన తేదీ నుంచే లెక్కిస్తారు. సొంత అభ్యర్థనపై వెళ్లినవారికి మాత్రం కొత్త యూనిట్‌లో చేరిన తేదీ నుంచి లెక్కిస్తారు. ‘విల్లింగ్’ అని రాసిస్తే మీ బదిలీని సొంత అభ్యర్థనగా చూపే వీలుంటుంది. ఆ ఒక్క వాక్యం రాసిచ్చినందుకు మీ ఇన్నేళ్ల సీనియారిటీ పోయి, పదోన్నతి జాబితాలో మీకంటే చిన్నవారి వెనక నిలబడవలసి రావచ్చు. ఈ సంగతి తెలియక సంతకం చేసి, పదోన్నతి సమయంలో కుమిలిపోయేవారిని తలచుకుంటే బాధ కలుగుతుంది.

ఇక అసలు ప్రశ్నకు వస్తే, బదిలీ ఉద్యోగంలో భాగమేనని, దురుద్దేశం గానీ నిబంధనల ఉల్లంఘన గానీ లేనిదే న్యాయస్థానాలు జోక్యం చేసుకోరాదని సుప్రీంకోర్టు శిల్పీ బోస్ కేసు (1991)లో చెప్పింది. సమ్మతి లేకుండా ఒక యజమాని నుంచి మరొక యజమాని వద్దకు ఉద్యోగిని బదిలీ చేయరాదని జవహర్‌లాల్ నెహ్రూ విశ్వవిద్యాలయం కేసు (1989)లో వచ్చిన తీర్పును చాలామంది ఉదహరిస్తారు గానీ, ప్రభుత్వ శాఖలన్నింటికీ యజమాని ఒకే రాష్ట్ర ప్రభుత్వం కనుక మీ విషయంలో ఆ వాదన అంతగా నిలవదు. మీకు నిజమైన బలం కేడర్‌లో ఉంది. రాజ్యాంగంలోని 371-డి అధికరణం కింద వచ్చిన 1975 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు, ఎల్.డి. (లోయర్ డివిజన్) క్లర్కు స్థాయి పోస్టులను, అంటే నేటి జూనియర్ అసిస్టెంటు పోస్టులను, ప్రతి శాఖలోనూ ప్రతి జిల్లాకూ విడివిడి కేడర్‌గా ఏర్పరచింది. నియామకానికి, సీనియారిటీకి, పదోన్నతికి, బదిలీకి ఆ కేడరే యూనిట్. కృష్ణా నది దాటి గుంటూరుకు వెళ్లడమంటే మీరు జిల్లా కేడర్‌నూ, శాఖ కేడర్‌నూ రెండింటినీ దాటుతున్నట్లే. కొత్త కేడర్‌లో తగినవారు లేనప్పుడు లేదా ప్రజాప్రయోజనం దృష్ట్యా అవసరమైనప్పుడు కేడర్ దాటించే ఏర్పాటు చేయడానికి ఆ ఉత్తర్వే వీలిచ్చింది. కాబట్టి మీ ఉత్తర్వు ఏ నిబంధన కింద ఇచ్చారో, ఇచ్చిన అధికారికి రెండు శాఖల మీదా ఆ అధికారం ఉందో లేదో ముందుగా చూడండి. ‘పరిపాలనా అవసరాలు’ అన్న రెండు మాటలే సరిపోవు.

మీకు వచ్చిన బదిలీ ఉత్తర్వు నిజానికి డిప్యుటేషన్ (మాతృశాఖలో ఉద్యోగం ఉంచుకుంటూ తాత్కాలికంగా వేరే చోటికి పంపడం) అయితే సంగతి వేరు. ఉద్యోగి సమ్మతి లేనిదే డిప్యుటేషన్ లేదని ఇందర్ సింగ్ కేసు (1997)లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. జీతం విషయంలో ఫండమెంటల్ రూల్ 15 రక్షణ ఉంది: అసమర్థత, దుష్ప్రవర్తన, లేదా మీ లిఖితపూర్వక అభ్యర్థన ఉంటే తప్ప, లియన్ (శాశ్వత పోస్టుపై ఉండే హక్కు) ఉన్న పోస్టు కంటే తక్కువ జీతం గల పోస్టుకు పంపరాదు. శిక్షకు బదులుగా చేసిన బదిలీ చెల్లదని సోమేశ్ తివారీ కేసు (2009) చెబుతోంది.

చేరకుండా ఉండిపోవడం మాత్రం ప్రమాదకరం. విజ్ఞాపన పెండింగులో ఉందన్న కారణంతో బదిలీ ఉత్తర్వును పాటించకుండా ఉండే హక్కు ఉద్యోగికి లేదని గుజరాత్ విద్యుత్ బోర్డు కేసు (1989)లో తేలిపోయింది. కనుక రిలీవ్ చేసిన తరువాత గుంటూరులో చేరండి, అయితే జాయినింగ్ రిపోర్టులోనే ‘నా అభ్యంతరాలకు, సీనియారిటీ హక్కులకు భంగం లేకుండా చేరుతున్నాను’ అని రాయండి. బదిలీ పరిపాలనా కారణాలపై జరిగిందన్న మాట సర్వీస్ రిజిస్టరులో నమోదయ్యేలా చూసుకోండి. అదే రోజున ఇద్దరు శాఖాధిపతులకూ రాతపూర్వకంగా విజ్ఞాపన పంపి రసీదు దాచుకోండి. రాష్ట్రంలో పరిపాలనా ట్రైబ్యునల్ రద్దయింది కనుక, సమాధానం రాకపోతే నేలపాడులోని హైకోర్టులో 226వ అధికరణం కింద రిట్ పిటిషన్ వేసుకోవచ్చు.