సోదాకు ముందు ఆ ఒక్క మాట చెప్పారా?

మీ తమ్ముణ్ణి రాత్రి బెంజ్ సర్కిల్ దగ్గర ఆపి, గంజాయి ఉందన్న అనుమానంతో జేబులూ బ్యాగూ వెతికారని, ఏమీ దొరక్కపోయినా ఒక కాగితం మీద సంతకం పెట్టించుకుని పంపారని రాశారు. అలా వెతకొచ్చా, కాదనే హక్కుందా అన్నది మీ ప్రశ్న. నేను లాయర్ని కాను. విజయవాడ చుట్టుపక్కల చాలా ఏళ్లు వీఆర్వోగా పనిచేశాను. గంజాయి కేసు పడితే మధ్యవర్తిగా, అంటే సోదాకు సాక్షిగా రమ్మని కబురొచ్చేది మాలాంటి వాళ్లకే. సోదా రిపోర్టుల మీద సాక్షి సంతకాలు పెట్టినవాడిగా చెబుతున్నాను.

ముందు సూటి జవాబు. గట్టి అనుమానం ఉంటే రోడ్డు మీద వారంటు లేకుండా ఆపి వెతికే అధికారం పోలీసులకు ఉంది. మీవాడు చెయ్యి అడ్డం పెట్టకపోవడమే మంచిదైంది. కానీ మత్తుపదార్థాల కేసులకు వర్తించే 1985 నాటి ఎన్‌డీపీఎస్ చట్టంలో 50వ సెక్షన్ అని ఒకటుంది. ఒంటి మీద సోదా చేసే ముందు, ‘నన్ను దగ్గర్లోని మేజిస్ట్రేటు దగ్గరికో గెజిటెడ్ అధికారి దగ్గరికో తీసుకెళ్లి వాళ్ల ఎదుట సోదా చెయ్యండి’ అని అడిగే హక్కు ఆ మనిషికి ఉంటుంది. తహసీల్దారైనా సరిపోతారు. ఆ హక్కు ఉందన్న సంగతి అతనికి తెలియజెప్పాల్సింది పోలీసులే. 2010లో విజయ్‌సింహ్ చందూభా జడేజా కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ఇది తప్పనిసరి అని తేల్చింది. చెప్పకుండా చేసిన సోదాలో సరుకు దొరికిందన్న ఒక్క ఆధారంతో వేసిన శిక్ష నిలవదు. తీసుకెళ్లేలోపు సరుకు మాయం చేస్తాడని అధికారి నమ్మితే అక్కడే సోదా చెయ్యొచ్చు గానీ, కారణాలు రాసి 72 గంటల్లో పై అధికారికి పంపాలి.

ఇక్కడే చాలామంది పొరబడతారు. ఈ రక్షణ ఒంటికే, బ్యాగుకు కాదు. బ్యాగు ఒంట్లో భాగం కాదని సుప్రీంకోర్టు 2005లో చెప్పింది, 2023లో మళ్లీ చెప్పింది. బండి డిక్కీకి కూడా ఇది వర్తించదు. కాబట్టి మీవాడి బ్యాగు విషయంలో ఈ సెక్షన్ పట్టుకుని వాదించలేరు, జేబుల విషయంలో వాదించొచ్చు.

ఒక కేసు నన్ను ఇప్పటికీ వదల్లేదు. రాత్రి ఎనిమిది దాటాక ఫోనొచ్చింది. నేను స్టేషన్‌కి వెళ్లేసరికే పొట్లం బల్ల మీద ఉంది. ఇద్దరు కుర్రాళ్లు గోడకానుకుని కింద కూర్చున్నారు. ‘మా సమక్షంలో సోదా చేయగా’ అంటూ రిపోర్టు అప్పటికే రాసేసి ఉంది. నా సమక్షంలో ఏదీ జరగలేదు. 50వ సెక్షన్ హక్కు చెప్పే నోటీసు ఇద్దరికీ కలిపి ఒకటే. ‘గెజిటెడ్ అధికారి అవసరం లేదు, మీరే చెయ్యండి’ అని ఒకే చేతిరాత, కింద రెండు సంతకాలు. పొద్దున్నే సర్వేకు వెళ్లాలి, ఇల్లు చేరితే చాలనుకున్నాను. సంతకం పెట్టేశాను.

కోర్టులో డిఫెన్స్ లాయరు అడిగాడు: ‘ఒక్కొక్కరికీ విడివిడిగా చెప్పడం మీరు చూశారా?’ లేదన్నాను. ‘సోదా చూశారా?’ దానికీ లేదన్నాను. కేసు కొట్టేశారు. అప్పటికి మూడేళ్లు గడిచాయి. చిన్నవాడి చదువు అక్కడితో ఆగిపోయిందని వాళ్లమ్మ కోర్టు వరండాలో నాతో చెప్పింది. నేను ఆ రాత్రి ‘చూడంది చూసినట్టు రాయను’ అని ఉండాల్సింది.

తర్వాత తెలుసుకున్నాను, 2014లో రాజస్థాన్ నుంచి వచ్చిన పరమానంద్ కేసులో కూడా ఇదే తప్పు. ఇద్దరికీ కలిపి చెప్పి, ఒకడి సంతకంతో సరిపెట్టారు. ఎవరికి వారికి విడిగా చెప్పాలని సుప్రీంకోర్టు అంది. సోదాకొచ్చిన బృందంలోని అధికారినే ‘ఈయన ముందు చేయమంటావా’ అని చూపించడం కూడా తప్పేనంది.

ఇంకా: ఆడపిల్లను ఆడవాళ్లు తప్ప ఎవరూ సోదా చెయ్యకూడదు. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక సురక్షా సంహిత ప్రకారం ఏదైనా స్వాధీనం చేసుకుంటే దాన్ని వీడియో తీయాలి. అరెస్టు చేస్తే కారణం చెప్పాలి, ఇంట్లోవాళ్లకు తెలపాలి, 24 గంటల్లో మేజిస్ట్రేటు ముందు నిలబెట్టాలి.

మీ విషయంలో నాకు దిగులుగా ఉన్నది ఆ సంతకం గురించే. అందులో ఏం రాసి ఉందో తమ్ముడు చదివాడా? ఖాళీ కాగితమా, రాసిన కాగితమా? టైమెంత, ఎంతమంది ఉన్నారు, ముందు జేబులు చూశారా బ్యాగు చూశారా, మేజిస్ట్రేటు మాట ఎవరైనా ఎత్తారా, అన్నీ గుర్తున్నంతవరకు ఈ రాత్రే తన చేత్తో రాయించి తేదీ వేయించండి. రేపు అది పట్టుకుని కోర్టు ఆవరణలోని, న్యాయ సహాయం అందించే జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు వెళ్లండి. ముందుగా మాట్లాడాలంటే న్యాయ సహాయ హెల్ప్‌లైన్ 15100కు ఫోన్ చెయ్యండి. మళ్లీ స్టేషన్‌కి రమ్మంటే తమ్ముణ్ణి ఒంటరిగా పంపకండి, లాయర్ని వెంటబెట్టి పంపండి.