పసుపు క్యాప్సూల్స్ మోకాళ్ల నొప్పులకు నిజంగా పనిచేస్తాయా?

మీ ప్రశ్న ఇది: అమ్మగారికి అరవై దాటాయి, మోకాళ్లలో గుజ్జు అరిగిందన్నారు, బీపీకి, షుగర్‌కి మందులు వాడుతున్నారు. పసుపు క్యాప్సూల్స్ వాడితే నొప్పి తగ్గుతుంది, షుగర్ అదుపులోకి వస్తుంది, క్యాన్సర్ రాదు అని వాట్సాప్‌లో తిరుగుతున్న మాటల్లో ఎంత నిజం ఉంది?

ఆర్మూర్ దగ్గర మాది పసుపు పండించే కుటుంబం. నేను ఫార్మసీ చదివి ఇక్కడే మెడికల్ షాపు నడుపుతున్నాను. పసుపు మీద నాకు ప్రేమ ఉంది, దాంతోనే మా ఇల్లు గడిచింది. అయినా కౌంటర్ దగ్గర నిలబడి మందు చేతికిచ్చేవాడిగా ఆధారం చూడకుండా మాట్లాడలేను. ముందే చెప్పేస్తాను. మోకాళ్ల నొప్పికి కొంత ఆధారం ఉంది. షుగర్ మందు మానేసేంత ఆధారం లేదు. క్యాన్సర్ రాకుండా ఆపుతుందని మనుషుల మీద చేసిన పరీక్షల్లో ఎక్కడా రుజువు కాలేదు.

మొదట ఒక లెక్క. పసుపులో అందరూ చెప్పే పదార్థం కర్క్యుమిన్. మంచి పసుపులో అది బరువులో సుమారు 3 శాతం ఉంటుంది. అంటే నిండు చెంచా పసుపు, ఒక 3 గ్రాములు, వేసుకుంటే దక్కేది 90 మిల్లీగ్రాములు. పరీక్షల్లో రోజుకి 1,000 నుంచి 2,000 మిల్లీగ్రాముల దాకా వాడారు. ఆ మోతాదు కూరలోంచి రావాలంటే రోజుకి 30 నుంచి 60 గ్రాములకు పైగా పసుపు తినాలి. అది ఎవరివల్లా కాదు. కాబట్టి 'మన పూర్వీకులు రోజూ తిన్నారు కదా' అన్న మాట క్యాప్సూల్‌కి వర్తించదు. కూరలో పసుపు వంట సరుకు, క్యాప్సూల్‌లో ఉన్నది మందు మోతాదు. డబ్బా వెనక లేబుల్ చదవండి. '95 శాతం కర్క్యుమినాయిడ్స్' (కర్క్యుమిన్, దాని తోటి పదార్థాలు) అని, దాని కింద 'పైపెరిన్ 5 మిల్లీగ్రాములు' అని తరచూ కనిపిస్తుంది. పైపెరిన్ అంటే మిరియాల సారం.

ఆ మిరియాల సారం ఎందుకు కలుపుతారో తెలిస్తే సగం విషయం అర్థమవుతుంది. 1998లో బెంగళూరు సెయింట్ జాన్స్ మెడికల్ కాలేజీ వాళ్లు ఆరోగ్యంగా ఉన్నవాళ్లకు 2 గ్రాముల కర్క్యుమిన్ ఇచ్చి రక్తం పరీక్షించారు. రక్తంలో దాని జాడ దాదాపు లేదు. 20 మిల్లీగ్రాముల పైపెరిన్ కలిపి ఇస్తే 20 రెట్లు పెరిగింది. ప్రకటనల్లో కనిపించే '2,000 శాతం' అంకె అక్కడి నుంచే వచ్చింది. అయితే దాదాపు సున్నాకి 20 రెట్లు అంటే అదేమీ పెద్ద మొత్తం కాదు. పైగా పైపెరిన్ కాలేయం మందుల్ని విడగొట్టే పనిని కూడా నెమ్మది చేస్తుంది. బీపీకి వాడే ప్రొప్రనలాల్, మూర్ఛకు వాడే ఫెనిటాయిన్ లాంటి మందుల స్థాయి దానివల్ల రక్తంలో పెరిగినట్టు పరీక్షల్లో తేలింది. బీపీ, షుగర్ మాత్రలు వేసుకునే మీ అమ్మగారి విషయంలో నాకు ముందు గుర్తొచ్చేది ఇదే.

ఇక ల్యాబ్ సంగతి. కర్క్యుమిన్ మీద వేల పేపర్లు ఉన్నాయి, దాదాపు ప్రతి రోగానికీ పనిచేస్తుందన్నట్టే కనిపిస్తాయి. 2017లో అమెరికాలోని రసాయన శాస్త్రవేత్తలు దీని కారణం వివరంగా రాశారు. ఇది పరీక్ష నాళికలో తనంతట తానే మెరుస్తుంది, దొరికిన ప్రతి ప్రోటీన్‌కీ అంటుకుంటుంది, కొన్ని నిమిషాల్లోనే ముక్కలై వేరే పదార్థాలుగా మారిపోతుంది. పరికరం దాన్ని చూసి 'మందు పనిచేసింది' అని చూపిస్తుంది, నిజానికి అక్కడ ఏమీ జరిగి ఉండకపోవచ్చు. అప్పటిదాకా మనుషుల మీద జరిగిన 120కి పైగా పరీక్షల్లో ఒక్కటి కూడా గట్టిగా నిలబడలేదని వాళ్లు తేల్చారు. క్యాన్సర్ మీద కర్క్యుమిన్ గురించి టెక్సస్‌లోని ఒక ప్రసిద్ధ క్యాన్సర్ కేంద్రం నుంచి వచ్చిన చాలా పేపర్లను, బొమ్మల్లో అవకతవకలు బయటపడ్డాక, పత్రికలు వెనక్కి తీసుకున్నాయి. వాట్సాప్ సందేశాల్లో మాత్రం ఆ తరహా మాటలే ఇంకా తిరుగుతున్నాయి.

అయినా ఆ రసాయన శాస్త్రవేత్తలంత కఠినంగా నేను అనను. దానికి కారణం మోకాళ్లు. 2014లో థాయ్‌లాండ్‌లో 367 మంది మోకాళ్ల అరుగుదల ఉన్నవాళ్లకు సగం మందికి పసుపు సారం రోజుకి 1,500 మిల్లీగ్రాములు, మిగతావాళ్లకు నొప్పి మాత్ర ఐబూప్రొఫెన్ 1,200 మిల్లీగ్రాములు నాలుగు వారాలు ఇచ్చారు. నొప్పి రెండు వైపులా ఇంచుమించు సమానంగానే తగ్గింది, పసుపు వేసుకున్నవాళ్లకు కడుపు నొప్పి, ఉబ్బరం తక్కువ. కానీ అందులో మందు లేని ఉత్తుత్తి మాత్ర ఇచ్చిన గుంపు లేదు. అందుకే 2020లో ఆస్ట్రేలియాలోని టాస్మేనియాలో జరిగిన పరీక్ష నాకు ఎక్కువ నమ్మకంగా అనిపిస్తుంది. 70 మందే, 12 వారాలే, కానీ సగం మందికి ఉత్తుత్తి మాత్ర ఇచ్చారు. 100 పాయింట్ల కొలతలో పసుపు గుంపుకి నొప్పి 9 పాయింట్లు అదనంగా తగ్గింది. ఎమ్మారై తీసి చూస్తే మోకాలి లోపల నీరు, వాపు మాత్రం తగ్గలేదు. అంటే నొప్పి కొంచెం తగ్గొచ్చు, అరిగిన గుజ్జు తిరిగి రాదు.

మా అమ్మకి ఈ క్యాప్సూల్స్ ఆర్థోపెడిక్ డాక్టర్‌ని అడిగాకే ఇచ్చాం. కొన్నాళ్లకి మెట్లు ఎక్కేటప్పుడు గోడ పట్టుకోవడం తగ్గింది. అదే సమయంలో ఫిజియోథెరపీ వాళ్లు చెప్పినట్టు కుర్చీలో కూర్చుని కాలు చాచి పట్టుకునే తొడ కండరాల వ్యాయామం రోజూ చేసింది, వానాకాలం కూడా వెళ్లిపోయింది. మూడింట్లో దేని వల్ల తగ్గిందో నేను చెప్పలేను. ఇరుగుపొరుగు మాత్రం 'పసుపు బిళ్లలతో తగ్గిందట' అని చెప్పుకుంటున్నారు. మా అమ్మ అనుభవం విని మీరు నిర్ణయం తీసుకోవద్దు, దాన్ని ఒక ఇంటి కబురుగా మాత్రమే తీసుకోండి.

జంతువుల్లో బాగుంది కాబట్టి మనుషుల్లోనూ బాగుంటుంది అనుకునేవాళ్లకి కెనడా పరీక్ష చెబుతాను. పొత్తికడుపులో ఉబ్బిన పెద్ద రక్తనాళానికి ఆపరేషన్ చేయించుకునే 606 మందికి, కిడ్నీలు దెబ్బతినకుండా ఉంటాయేమోనని ఆపరేషన్ రోజుల్లో కర్క్యుమిన్ ఇచ్చి చూశారు. 2018లో ఫలితం వచ్చింది. లాభం లేకపోగా, కిడ్నీ దెబ్బతిన్నవాళ్లు కర్క్యుమిన్ గుంపులో 17 శాతం, ఉత్తుత్తి మాత్ర గుంపులో 10 శాతం. మతిమరుపు వ్యాధి ఆల్జీమర్స్ మీద హాంకాంగ్‌లోనూ అమెరికాలోనూ జరిగిన చిన్న పరీక్షల్లోనూ ఉపయోగం కనిపించలేదు. షుగర్‌కి కొన్ని చిన్న పరీక్షల్లో స్వల్ప తగ్గుదల కనిపించింది, మెట్‌ఫార్మిన్ పక్కన పెట్టేంత కాదు.

'అమెరికా వాళ్లే పసుపు గాయాలు మాన్పుతుందని పేటెంట్ తీసుకున్నారు, మనవాళ్లు గెలిచి రద్దు చేయించారు, ఇంకేం రుజువు కావాలి' అని చాలామంది అంటారు. మనవాళ్లు గెలిచిన మాట నిజమే, అది గర్వపడాల్సిన గెలుపే. 1995లో మిసిసిపీ యూనివర్సిటీకి వచ్చిన పేటెంట్‌ని భారత ప్రభుత్వ పరిశోధన సంస్థ సీఎస్ఐఆర్ సవాలు చేసింది, 1997లో అది రద్దయింది. 1953 నాటి ఒక భారతీయ వైద్య పత్రికలోని వ్యాసం కూడా సాక్ష్యంగా పెట్టారు. అయితే అక్కడ తేలింది 'ఇది కొత్త విషయం కాదు, భారతదేశంలో ముందే తెలుసు' అన్న సంగతి. ఎంత బాగా పనిచేస్తుందన్నది పేటెంట్ ఆఫీసు కొలిచి చెప్పలేదు.

ప్రమాదాల గురించి. అమెరికాలో కాలేయ రోగుల్ని గమనించే ఆసుపత్రుల బృందం 2004 నుంచి 2022 మధ్య పసుపు క్యాప్సూల్స్ వల్ల కాలేయం దెబ్బతిన్న 10 కేసుల్ని నమోదు చేసింది. అయిదుగురు ఆసుపత్రిలో చేరారు, ఒకరు చనిపోయారు. 10 మందిలో ఏడుగురికి ఒకే రకం జన్యువు ఉంది. ఇది చాలా అరుదు, దీనికి టెన్షన్ పడక్కర్లేదు, తెలిసుంటే చాలు. రక్తం పలచబడే మందు వాడేవాళ్ల సంగతి వేరు. వార్ఫరిన్ అనే అలాంటి మందు మీద ఉన్న ఒకరు పసుపు మందు మొదలుపెట్టాక, రక్తం గడ్డకట్టడానికి పట్టే సమయాన్ని చూపే కొలత ఐఎన్‌ఆర్ 10 దాటిందని న్యూజిలాండ్ మందుల నియంత్రణ సంస్థ 2018లో హెచ్చరించింది. సాధారణంగా దాన్ని 2, 3 మధ్య ఉంచుతారు. గుండె వాల్వ్ మార్పించుకున్న ఒక పెద్దాయన మోకాళ్ల నొప్పికి పసుపు డబ్బా అడగడానికి మా షాపుకొచ్చారు. చొక్కా జేబులోంచి ఐఎన్‌ఆర్ చీటీ తీసి చూపించాక, డబ్బా ఇవ్వకుండా ముందు డాక్టర్‌కి ఫోన్ చేయించాను. గాల్‌బ్లాడర్‌లో రాళ్లున్నవాళ్లు, కిడ్నీ రాళ్లు మళ్లీ మళ్లీ వచ్చేవాళ్లు కూడా డాక్టర్‌ని అడగకుండా వాడొద్దు.

ఇంట్లో పసుపు గురించి ఒక్క మాట, పండించేవాడిగా. కొమ్ములు ఉడకబెట్టి, కల్లంలో ఆరబోసి, డ్రమ్ములో తిప్పి పాలిష్ పడితే వచ్చే రంగు కాస్త మసకగానే ఉంటుంది. మెరిసే రంగు కోసం కొన్నిచోట్ల సీసం ఉన్న లెడ్ క్రోమేట్ పూస్తారు. 2024లో వచ్చిన అధ్యయనంలో పాట్నా, కరాచీ, పెషావర్ నమూనాలు కొన్నింటిలో సీసం గ్రాముకి 1,000 మైక్రోగ్రాములు దాటింది. మన దేశంలో అనుమతించే పరిమితి 10. ఆ పూత కొమ్ము పైనే వేస్తారు కాబట్టి, కొమ్ములు కొని ఆడించుకుంటే సరిపోతుందన్న ధైర్యం పనికిరాదు. తెలిసిన రైతు దగ్గర కొనండి, లేదా సీసం పరీక్ష రిపోర్టు చూపించే సరుకు కొనండి.

మీ అమ్మగారి విషయానికి వస్తే, వాడే మందులన్నీ డాక్టర్‌కి చూపించి, వద్దనకపోతే పైపెరిన్ లేని క్యాప్సూల్ ఒకటి ఎనిమిది నుంచి పన్నెండు వారాలు వాడి చూడండి. మొదలుపెట్టే ముందు ఆవిడ కూర్చుని లేవడానికి, మెట్లెక్కడానికి ఎంత ఇబ్బంది పడుతున్నారో కాగితం మీద రాసుకోండి, చివర్లో మళ్లీ చూసుకోండి. తేడా లేకపోతే ఆపేయండి, ఆ డబ్బు ఫిజియోథెరపీకి పెట్టండి. మధ్యలో మూత్రం ముదురు రంగులో వచ్చినా, కళ్లు పచ్చబడినా, ఒళ్లు దురద పెట్టినా, ఆకలి చచ్చిపోయినా ఆ రోజే క్యాప్సూల్ ఆపి, కాలేయ పరీక్ష చేయించండి, డబ్బాని డాక్టర్ దగ్గరికి పట్టుకెళ్లండి.